మనోవర్తి ఉత్తర్వులు – పై న్యాయస్థానానికి దారి

కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడ్చాడనీ, గెలిచినవాడు ఇంటికి వచ్చి ఏడ్చాడనీ మన పల్లెలలో ఒక సామెత కలదు. పొలం గట్ల తగాదాలను చూచి పుట్టిన సామెత అది. మనోవర్తి వ్యాజ్యాలలో అది మరింత కఠోరంగా నిజమవుతున్నది. ఏలననగా ఇక్కడ గెలిచిన స్త్రీ చేతికి తొలుత వచ్చేది నెలకు ఇన్ని రూపాయలన్న అంకె గల ఒక కాగితం మాత్రమే. ఆ అంకె పిల్లల అన్నానికి చాలకపోవచ్చును. లేదా ఇవ్వవలసినవాని స్తోమతుకు మించి ఉండవచ్చును. అప్పుడు ఏ ద్వారం తట్టవలెను, ఎన్నాళ్లలో తట్టవలెను అన్న ప్రశ్నకు సమాధానం చెప్పగలవారు చదువుకున్నవారిలో సైతం అరుదు.

ఈ వ్యాసం వ్రాయడానికి మమ్ము పురికొల్పిన సంఘటన ఒకటున్నది. గడచిన విద్యాసంవత్సరంలో మా తరగతి విద్యార్థిని ఒకతె తన తల్లిని వెంటబెట్టుకొని మా గదికి వచ్చినది. ఆ తల్లి చేతిసంచిలో కుటుంబ న్యాయస్థానం ఇచ్చిన ఉత్తర్వు నకలు ఉన్నది. తనకూ ఇద్దరు పిల్లలకూ కలిపి నెలకు 4,500 రూపాయలు. అదికూడా ఉత్తర్వు తేదీనుండి. అర్జీ పెట్టి అప్పటికి 26 నెలలైనది. భర్తకు మోటారు విడిభాగాల దుకాణమున్నది. కాని అతని ఆదాయం రుజువు కాలేదని ఉత్తర్వులో వ్రాసియున్నది. "నెల దాటిపోయిందంట సార్, అప్పీలు తలుపు మూసేసినారంట. కాగితం చూసి ఊరుకోవాల్నా, ఇంకేమన్నా ఉన్నాదా చెప్పండి" అని ఆమె అడిగినది. ఆనాటికి ఉత్తర్వు వెలువడి 47 దినాలైనది. ఆమెకు ఆ మాట చెప్పిన గుమాస్తా అబద్ధమాడలేదు. అతడు చెప్పిన 30 దినాల గడువు చట్టంలో ఉన్నమాట నిజమే. అయితే అది వేరొక తలుపుకు సంబంధించిన గడువు.

ఆ రెండు తలుపుల సంగతికి వచ్చేముందు పదాలను గురించి ఒక మాట. భార్యాబిడ్డల పోషణకై ఇచ్చే సొమ్మును తెలుగు న్యాయపరిభాషలో మనోవర్తి అన్నారు. భరణమనీ అంటున్నారు. ఉర్దూలో అదే నఫఖా. ఈ సంచికను రెండువైపులనుండీ తెరచి చదివే మన పాఠకులు గమనించదగిన విశేషమేమనగా, కోర్టు ఆవరణలో అడుగుపెట్టినంతనే ఈ రెండు భాషలకూ మధ్య గోడ లేకుండా పోతుంది. వకీలు, వకాల్తా, దావా, ఫిర్యాదు, వాయిదా, జప్తు, బకాయి, నకలు, రాజీ: ఇవన్నియు తెలుగు రైతు తన మాటలుగానే పలుకుతాడు. పదాలు ఇంత చేరువైనవి కాని, విధానం మాత్రం చేరువ కాలేదు.

మనోవర్తి హక్కు మన దేశంలో ఒకే చట్టంనుండి రాలేదు. మతభేదం లేక అందరికీ వర్తించునది క్రిమినల్ ప్రక్రియా సంహిత. 1898 నాటి సంహితలో అది 488వ సెక్షను. 1973 నాటి సంహితలో 125వ సెక్షను. 2024 జూలై 1 నుండి అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 144వ సెక్షను. తగిన సాధనసంపత్తి ఉండియు భార్యను, మైనరు బిడ్డలను, తమను తాము పోషించుకొనలేని తల్లిదండ్రులను ఉపేక్షించినవానిచే నెలనెలా సొమ్ము ఇప్పించుట దీని ఉద్దేశం. ఆకలి వలన మనిషి వీధిన పడకుండుటకై ఏర్పరచిన త్వరిత విచారణ ఇది. ఇది క్రిమినల్ సంహితలో ఉన్నంతమాత్రాన భర్త నేరస్థుడు కాడు. ఈ సంగతి తెలియక, మనోవర్తి అర్జీ అనగానే "మావాడిమీద క్రిమినల్ కేసు పెట్టినారు" అని కక్షలు పెంచుకొనే కుటుంబాలను మేమెరుగుదుము. 2001వ సంవత్సరం వరకు ఈ సెక్షను కింద ఎంత ధనవంతుడైనను నెలకు 500 రూపాయలకు మించి ఇవ్వనక్కరలేదన్న హద్దు కేంద్రచట్టంలో ఉండెడిది. ఆ సంవత్సరపు సవరణ ఆ హద్దును తొలగించినది.

దీనికి తోడుగా వైయక్తిక చట్టాలున్నవి. హిందూ వివాహచట్టం 24, 25 సెక్షన్ల కింద భృతి కోరవచ్చును. 1956 నాటి హిందూ దత్తత, మనోవర్తి చట్టం కింద కోరవచ్చును. 2005 నాటి గృహహింస చట్టం కింద ద్రవ్యసహాయం కోరవచ్చును. విడాకులు పొందిన ముస్లిం స్త్రీలకు 1986 నాటి చట్టం ప్రత్యేకంగా ఉన్నది. ఇన్ని కాలువలలో ఏ కాలువద్వారా నీరు వచ్చినదో తెలిసికొననిదే ఎగువకు వెళ్ళే దారి తెలియదు.

1984లో పార్లమెంటు కుటుంబ న్యాయస్థానాల చట్టాన్ని చేసినది. పెండ్లి, విడాకులు, బిడ్డల సంరక్షణ, మనోవర్తి అన్నియు ఒకే న్యాయాధికారి యెదుట, సాధ్యమైనంతవరకు రాజీమార్గాన తేలవలెనని దాని ఆశయం. వకీలును పెట్టుకొనుట అక్కడ హక్కు కాదు, న్యాయస్థానం అనుమతింపవలెను. సాక్ష్యపు నియమాలు సైతం సడలించబడినవి. ఇంతవరకు బాగుగనే ఉన్నది. చిక్కు పందొమ్మిదవ సెక్షనులో ఉన్నది.

ఆ సెక్షను మొదటి భాగం ప్రకారం కుటుంబ న్యాయస్థానపు తీర్పుపైన హైకోర్టుకు అప్పీలు కలదు. గడువు 30 దినాలు. ఇద్దరికి తగ్గని న్యాయమూర్తుల ధర్మాసనం దానిని వింటుంది. వాస్తవాలను, చట్టాన్ని రెండింటినీ తిరిగి తూచవచ్చును. కాని అదే సెక్షను రెండవ భాగం, 1991 సవరణ తరువాత, రెండు రకాల ఉత్తర్వులపై అప్పీలు లేదంటున్నది. ఒకటి, ఉభయుల సమ్మతితో వచ్చినది. రెండవది, క్రిమినల్ ప్రక్రియా సంహిత తొమ్మిదవ అధ్యాయం కింద, అనగా 125వ సెక్షనున్న ఆ అధ్యాయం కింద వచ్చినది. అప్పీలు లేదన్నంతమాత్రాన అన్యాయం శాశ్వతం కావలెనా? కానక్కరలేదు. అదే సవరణ నాలుగవ భాగాన్ని చేర్చినది. దాని ప్రకారం హైకోర్టు తనంతతాను గాని, ఎవరైన అర్జీ పెట్టినపుడు గాని, ఆ ఉత్తర్వు సరియైనదా, చట్టసమ్మతమా, ఉచితమా అని చూచుటకు కింది కోర్టు కట్టలను తెప్పించుకొనవచ్చును. ఇదియే రివిజన్. 1963 నాటి కాలపరిమితి చట్టం రివిజనుకు ఇచ్చిన గడువు 90 దినాలు.

కనుక ఒకే గదిలో, ఒకే న్యాయాధికారి, ఒకే దంపతుల విషయంలో ఇచ్చిన రెండు ఉత్తర్వులకు రెండు వేర్వేరు ద్వారాలుండవచ్చును. హిందూ వివాహచట్టం కిందనో, 1956 చట్టం కిందనో ఇచ్చిన శాశ్వత మనోవర్తి అయితే అప్పీలు. 125 లేక 144 కింద ఇచ్చినదైతే రివిజన్. ఏది ఏదో తెలిసికొనుటకు మన తెలుగు రాష్ట్రాలలో సులువైన గుర్తు ఉత్తర్వు మొదటి పుటలోనే ఉంటుంది. ఎం.సి. అన్న అక్షరాల పక్కన అంకె ఉన్నచో అది సంహిత కింద వేసిన మెయింటెనెన్సు కేసు. ఓ.పి. అని ఉన్నచో వైయక్తిక చట్టం కింద వేసిన అర్జీ. ఆ తల్లి తెచ్చిన కాగితంపై ఎం.సి. అని ఉన్నది. ఆమెకు 30 దినాల తలుపు మూసుకొనలేదు. అది ఆమెకు ఎన్నడును లేదు. 90 దినాలలో ఇంకను 43 మిగిలియున్నవి. అంతేకాదు, ఉత్తర్వు నకలుకై దరఖాస్తు చేసి అది చేతికి వచ్చువరకు పట్టిన కాలాన్ని గడువులో లెక్కింపరాదని కాలపరిమితి చట్టం పన్నెండవ సెక్షను చెప్పుచున్నది. ఆమెకు నకలు వచ్చుటకు 11 దినాలు పట్టినది. అవి కలిపిన 54. నకలు చివర, దరఖాస్తు పెట్టిన తేదీ, నకలు సిద్ధమైన తేదీ ముద్రవేసి ఉంటవి. ఎవరును చదవని ఆ చిన్న ముద్రలే ఒక్కొక్కసారి కుటుంబాన్ని కాపాడుతవి. గడువు నిజంగా దాటినను, ఆలస్యానికి తగిన కారణం చూపి మన్నింపు కోరవచ్చును. అయితే ప్రతి దినానికీ జవాబు చెప్పుకొనవలసి వచ్చుననుకొనుట మంచిది.

రివిజన్ అనగానే కేసు మొత్తం మొదటినుండి మరల నడుచునని కొందరి భ్రమ. అట్లు కాదు. రివిజన్ కోర్టు సాక్షులను మరల పిలువదు. కింది కోర్టు ఒక సాక్షిని నమ్మి మరొకనిని నమ్మలేదన్న కారణాన సాధారణంగా జోక్యం చేసికొనదు. కాగితాలలో ఉన్న సాక్ష్యాన్ని కింది కోర్టు చూడకపోయినదా, లేని సాక్ష్యాన్ని ఉన్నట్లు భావించినదా, చట్టం చెప్పిన నియమాన్ని దాటినదా, ఏ వివేకవంతుడును రాలేని నిర్ణయానికి వచ్చినదా అన్నవి చూచును. కనుక జీతపు చీటీ, దుకాణపు లైసెన్సు, బ్యాంకు ఖాతా, ఇంటి అద్దె రసీదు, బడి ఫీజు రసీదు వంటివి మొదటి కోర్టులోనే కట్టలో చేరియుండవలెను. పై కోర్టుకు పోయినప్పుడు చూపుదములెండు అని దాచుకొన్న కాగితం చాలవరకు దాచుకొన్నదిగానే మిగిలిపోవును.

రివిజన్ వలన అంకె పెరుగునా అని అడుగువారికి దేశమంతటా పేరు తెలిసిన ఒక కేసే జవాబు. ఇండోరు వాసి షాబానో బేగం 1978లో నెలకు 500 రూపాయలు కోరుతూ అర్జీ పెట్టినది. భర్త వృత్తిరీత్యా న్యాయవాది. 1979 ఆగస్టులో మేజిస్ట్రేటు ఇచ్చినది నెలకు 25 రూపాయలు. ఆమె మధ్యప్రదేశ్ హైకోర్టులో రివిజన్ వేసినది. 1980 జూలై 1న హైకోర్టు దానిని 179 రూపాయల 20 పైసలకు పెంచినది. అనగా ఏడు రెట్లకు పైగా. దానిపై భర్త సుప్రీంకోర్టుకు వెళ్ళినాడు. 1985 ఏప్రిల్ 23న ప్రధాన న్యాయమూర్తి చంద్రచూడ్ అధ్యక్షతన అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం అతని అప్పీలును త్రోసిపుచ్చినది. ఆ తీర్పు చుట్టూ రేగిన రాజకీయాల ధూళిలో, ఒక వృద్ధురాలు 25 రూపాయల కాగితాన్ని చేతబట్టుకొని రివిజన్ అనే చిన్న ద్వారంగుండా లోపలికి వెళ్ళినదన్న సంగతి మరుగునపడిపోయినది.

మన ప్రాంతపు కేసు అంతకంటె ముందుది. ఆదోనిలో పనిచేసే ఒక బ్యాంకు ఉద్యోగి తన భార్యకు మనోవర్తి ఇవ్వవలసి వచ్చినప్పుడు, ఆమెకు తలాక్ ఇచ్చి, మెహర్ 500 రూపాయలు, ఇద్దత్ కాలానికి 750 రూపాయలు చెల్లించి, ఇకపై తనకు బాధ్యత లేదన్నాడు. మేజిస్ట్రేటు ఒప్పుకొని మనోవర్తిని రద్దుచేసినాడు. సెషన్సు కోర్టు ఆమె మాట వినలేదు. హైకోర్టు వినలేదు. 1980లో సుప్రీంకోర్టు విన్నది. జస్టిస్ వి.ఆర్. కృష్ణ అయ్యర్ వ్రాసిన ఆ తీర్పు, ఆచారానుసారం చెల్లించిన సొమ్ముకూ ఆమె బ్రతుకు అవసరానికీ సహేతుకమైన సంబంధముండవలెననీ, నామమాత్రపు చెల్లింపు మనోవర్తిని తుడిచివేయదనీ నిర్ణయించినది. 500 రూపాయలను నూటికి 12 వంతున వడ్డీకిచ్చినను నెలకు వచ్చేది 5 రూపాయలే గదా! మూడు మెట్లవద్ద ఓడిన స్త్రీ నాలుగవ మెట్టున గెలిచినది. గెలిచినదని సంతోషింపవలెనో, ఒక మనోవర్తికి నాలుగు కోర్టులా అని విచారింపవలెనో పాఠకులే చెప్పవలెను.

షాబానో తీర్పు తరువాత వచ్చిన 1986 నాటి చట్టం, విడాకులిచ్చిన భర్త ఇద్దత్ కాలంలోపల సహేతుకమైన, న్యాయమైన ఏర్పాటు చేయవలెనన్నది. ఆ ఏర్పాటు ఇద్దత్ మూడు నెలలకు మాత్రమేనా, ఆమె మిగిలిన జీవితానికా అన్న వివాదం 2001 సెప్టెంబరు 28న డేనియల్ లతీఫీ కేసులో తేలినది: ఏర్పాటు చేయవలసిన కాలం ఇద్దత్, ఏర్పాటు వర్తించవలసినది భవిష్యత్తుకు. డేనియల్ లతీఫీ షాబానో పక్షాన వాదించిన న్యాయవాదులలో ఒకరు. ఈ చట్టం వచ్చినందున 125వ సెక్షను ముస్లిం స్త్రీకి మూసుకొనిపోయినదా అన్న ప్రశ్న మరల తలయెత్తినది తెలంగాణనుండియే. ఇక్కడి కుటుంబ న్యాయస్థానం ఒక భర్తను నెలకు 20,000 రూపాయల మధ్యంతర భృతి ఇవ్వమన్నది. అతడు హైకోర్టుకు వెళ్ళినాడు. 2023 డిసెంబరులో హైకోర్టు దానిని 10,000కు తగ్గించినది. సగం భారం తగ్గినను తృప్తిపడక, అసలు ఈ సెక్షనే నాకు వర్తించదంటూ సుప్రీంకోర్టుకు వెళ్ళినాడు. 2024 జూలై 10న జస్టిస్ బి.వి. నాగరత్న, జస్టిస్ ఆగస్టీన్ జార్జ్ మసీహ్ వేర్వేరుగా వ్రాసి ఒకే నిర్ణయానికి వచ్చినారు: ఈ సెక్షను అన్ని మతాల స్త్రీలకూ వర్తించును; విడాకులు పొందిన ముస్లిం స్త్రీకి ఈ మార్గమును కలదు, 1986 చట్టపు మార్గమును కలదు.

ఈ కేసులో మరొక మెలిక గమనింపదగినది. పందొమ్మిదవ సెక్షను నాలుగవ భాగం మధ్యంతర స్వభావంగల ఉత్తర్వులపై రివిజన్ లేదంటున్నది. మరి మధ్యంతర భృతి ఉత్తర్వు అట్టిదేనా? నెలనెలా సొమ్ము కట్టవలసినవానికీ, ఆ సొమ్ముతో బ్రతుకవలసినవారికీ అది మధ్యంతరం కాదు. కొన్ని హైకోర్టులు అట్లే భావించి రివిజన్ విన్నవి, కొన్ని వినలేదు. పైన చెప్పిన భర్త హైకోర్టుకు వెళ్ళినది పాత సంహిత 482వ సెక్షను, అనగా హైకోర్టుకు గల స్వాభావికాధికారం ద్వారా. నేడు అది 528వ సెక్షను. మధ్యంతర భృతి అర్జీని, నోటీసు అందిన 60 దినాలలో వీలైనంతవరకు తేల్చవలెనని చట్టమే చెప్పినది. మా విద్యార్థిని తల్లికి అట్టి అర్జీ వేయవచ్చునని 26 నెలలలో చెప్పినవారే లేకపోయిరి.

ప్రతి అసంతృప్తికీ హైకోర్టు మందు కాదు. మూడు సందర్భాలలో మొదట వెళ్ళవలసినది ఉత్తర్వు ఇచ్చిన కోర్టుకే. భర్త లేనప్పుడు ఏకపక్షంగా వచ్చిన ఉత్తర్వైతే, మంచి కారణం చూపి మూడు నెలలలోపల దానిని రద్దు చేయించుకొనే అవకాశం అక్కడనే కలదు. ఉత్తర్వు వచ్చినప్పుడు సరిగానే ఉండి, తరువాత పరిస్థితులు మారినచో, ఉదాహరణకు కొడుకు ఇంజనీరింగులో చేరినాడు, భర్తకు జీతం పెరిగినది, లేదా అతని ఉద్యోగం పోయినది, అప్పుడు పాత 127, నేటి 146వ సెక్షను కింద మార్పు కోరవలెను. రెండేండ్లనాటి ఉత్తర్వుపై ధరలు పెరిగినవని రివిజన్ వేయుట గుఱ్ఱాన్ని బండి వెనుక కట్టుట వంటిదే. ఇక మూడవది, సొమ్ము కట్టకపోవుట; దానికి పై కోర్టుతో పనిలేదు.

కుటుంబ న్యాయస్థానం లేని చోట్ల మేజిస్ట్రేటు ఇచ్చిన మనోవర్తి ఉత్తర్వుపై రివిజన్ సెషన్సు కోర్టుకైన, హైకోర్టుకైన వేయవచ్చును. అయితే ఒకచోట వేసి ఓడినవాడు రెండవచోట మరల రివిజన్ వేయుటకు వీలులేదు. గృహహింస చట్టం కింది ఉత్తర్వైతే సెషన్సు కోర్టుకు అప్పీలు. గడువు ఉత్తర్వు అందిననాటినుండి 30 దినాలు. ఆదోని, కర్నూలు ప్రాంతాలవారు 2018 చివరివరకు హైదరాబాదులో మూసీ ఒడ్డునగల హైకోర్టుకు వచ్చెడివారు. 2019 జనవరి 1 నుండి వారి హైకోర్టు అమరావతిలో ఉన్నది.

భర్తల పక్షాన కూడ కొంత చెప్పుట న్యాయం. కింది కోర్టు అంకెను గాలిలోనుండి తెచ్చినదన్న ఫిర్యాదు ఒక్కొక్కసారి నిజమే. భర్తపై ఆధారపడిన వృద్ధ తల్లిదండ్రులను, భార్యకుగల జీతాన్ని లెక్కలోనికి తీసికొనని ఉత్తర్వులు పై కోర్టులో తగ్గినవి. 2017లో సుప్రీంకోర్టు ఒక కేసులో భర్త నికర జీతంలో నాలుగవ వంతు ఉచితమని భావించి, హైకోర్టు ఇచ్చిన 23,000ను 20,000కు తగ్గించినది. ఆనాటినుండి నాలుగవ వంతే చట్టమన్న ప్రచారం బయలుదేరినది. అది ఆ కేసుకు తగిన కొలత మాత్రమే. ముగ్గురు బిడ్డలున్న ఇంటికీ బిడ్డలు లేని ఇంటికీ ఒకే వంతు ఎట్లు సరిపోవును? ఇక ఉద్యోగం లేదు గనుక ఇవ్వలేనన్న వాదం పై కోర్టులలో నిలుచుట అరుదు. శరీరారోగ్యం గల భర్త కాయకష్టం చేసియైనను భార్యాబిడ్డలను పోషింపవలసినదేనని 2022లో సుప్రీంకోర్టు మరల చెప్పినది.

భర్తలు చేసే పెద్ద పొరపాటు మరొకటున్నది. రివిజన్ వేసినాము గనుక ఇక కట్టనక్కరలేదని చేతులు ముడుచుకొని కూర్చుందురు. రివిజన్ దాఖలైనంతమాత్రాన కింది ఉత్తర్వు ఆగదు. ఆపుమని వేరుగా అర్జీ పెట్టవలెను; హైకోర్టు ఆపినను, బకాయిలో కొంతభాగం జమచేయుమన్న షరతుతో ఆపుట పరిపాటి. కట్టనివానిపై వారంటు, జప్తు. అప్పటికినీ కట్టనిచో ఒక నెలవరకు జైలు. జైలునుండి వచ్చినంతమాత్రాన ఆ బకాయి తీరదని సుప్రీంకోర్టు స్పష్టపరచినది. జైలు చెల్లింపుకు ఒత్తిడియే కాని చెల్లింపు కాదు.

ఇక్కడనే స్త్రీలు నష్టపోయే చోటొకటి కలదు. ఏ నెల సొమ్మైనను బకాయిపడిన ఏడాదిలోపల వసూలుకై అర్జీ పెట్టనిచో ఈ వారంటు మార్గం మూసుకొనిపోవును. హైకోర్టులో కేసు నడుచుచున్నది గదా, అది తేలిన పిమ్మట అన్నీ ఒక్కసారి అడుగుదమని ఆగినవారికి, తీర్పు వచ్చునాటికి పాత నెలలు చేతినుండి జారిపోయియుండును. స్టే లేనంతవరకు కింది కోర్టులో వసూలు అర్జీ వేయుటకు అడ్డేమియు లేదు. పై కోర్టులో పోరాటం, కింది కోర్టులో వసూలు రెండును ఒకేసారి నడువవలెను.

మా విద్యార్థిని తల్లి కాగితాన్ని ఈ వెలుగులో మరల చదివినాము. రెండు లోపాలు కనిపించినవి. మొదటిది తేదీ. 2020 నవంబరు 4న జస్టిస్ ఇందూ మల్హోత్రా, జస్టిస్ ఆర్. సుభాష్‌రెడ్డి గల సుప్రీంకోర్టు ధర్మాసనం, మనోవర్తిని అర్జీ పెట్టిన తేదీనుండియే ఇప్పించవలెనని దేశంలోని అన్ని కోర్టులకూ నిర్దేశించినది. వ్యాజ్యం సాగదీసినవాడే దానివలన లాభపడరాదన్నది అందులోని న్యాయం. 26 నెలలకు 4,500 చొప్పున 1,17,000 రూపాయలు ఆ కుటుంబానికి ఒక్క వాక్యంతో పోయినవి. రెండవది ఆదాయం. అదే తీర్పు ఉభయులూ తమ ఆస్తిఅప్పుల వివరాలను ప్రమాణపత్రంగా దాఖలు చేయవలెనన్నది. ఆమె దాఖలు చేసినది, అతడు చేయలేదు. తనకుమాత్రమే తెలిసిన ఆదాయాన్ని దాచినవానిపై ప్రతికూలంగా ఊహింపవచ్చునని చట్టం చెప్పుచుండగా, ఆదాయం రుజువు కాలేదని ఆమెపైననే భారం మోపుట సాక్ష్యాన్ని తూచుటలో భేదం కాదు, నియమాన్ని దాటుట. రివిజన్ కోర్టు చూచునది సరిగా ఇట్టివాటినే. ఆమె మూడవ ఫిర్యాదు కూడ చెప్పినది: పెద్దకుమార్తె కళాశాలలో చేరినందున ఖర్చు పెరిగినదని. అది ఉత్తర్వు తరువాతి సంగతి. దానికి 146వ సెక్షను వేరుగా ఉన్నదని చెప్పినాము.

వకీలుకు ఇచ్చుటకు సొమ్ము లేదని ఆమె భయం. 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టం పన్నెండవ సెక్షను ప్రకారం స్త్రీకి ఆదాయంతో నిమిత్తం లేకుండ ఉచిత న్యాయసహాయం లభించును. హైకోర్టులోనే అందుకై ఒక న్యాయసేవల కమిటీ ఉన్నది. ఉత్తర్వు ధ్రువీకృత నకలు, కింది కోర్టులో వేసిన అర్జీ, భర్త కౌంటరు, సాక్ష్యాల నకళ్లు, ఆధారు కార్డు తీసికొని వెళ్ళమన్నాము. పెద్దకుమార్తె తేదీలవారీగా ఒక పుటలో సంగతులన్నీ వ్రాసి ఇచ్చినది. తమ వద్దకు వచ్చేవారిలో అట్టి పుట తెచ్చేవారు తక్కువని అక్కడి వకీలమ్మ మెచ్చుకొన్నదట. 71వ దినాన రివిజన్ దాఖలైనది. అదే వారంలో కింది కోర్టులో వసూలు అర్జీ కూడ పడినది.

భర్తకు నోటీసులు అందినవి. మొన్న పరీక్షల రుసుము కట్టుటకు వచ్చిన ఆ విద్యార్థిని, మూడు నెలల బకాయి 13,500 రూపాయలు కోర్టులో జమ అయినవని చెప్పినది. రివిజన్ ఇంకను వాయిదాలో ఉన్నది.